ఒంటి గొంతు – నిజాయితీ ప్రశ్న

సాహిత్య విమర్శలో మనం చాలాకాలంగా ఒక మాటను పరీక్షించకుండానే వాడుకుంటున్నాం. "నిరాడంబరం" అనే మాట అది. ఒక కవితను గాని, కథను గాని, పాటను గాని నిరాడంబరంగా వుందని అన్నామంటే దాన్ని మెచ్చుకున్నట్టే లెక్క. ఆడంబరం అబద్ధమనీ, దాన్ని ఒలిచేస్తే లోపల మిగిలేది నిజమనీ మన నమ్మకం. ఈ నమ్మకం మనకు వూరికే రాలేదు. అష్టాదశ వర్ణనల మీద, కొండవీటి చాంతాడంత సమాసాల మీద, రాజుల కొలువులో అమ్ముడుపోయిన అలంకారాల మీద తిరగబడిన తరాలకు వారసులం మనం. కవిత్వం ఒంటిమీది నగలు ఒలిచెయ్యటం ఒకనాడు నిజంగానే రాజకీయ చర్య. అయితే ఒకనాటి రాజకీయ చర్య మరొకనాటికి అభిరుచిగా మారుతుంది. అభిరుచి అయ్యాక దానికి గిరాకీ ఏర్పడుతుంది. అప్పుడు దాన్ని మళ్ళీ పరీక్షించవలసిందే. ఒక గాయకుడు తన పాట నుంచి వాద్యాలనూ వంతగాళ్ళనూ తీసేసి ఒంటరిగా నిలబడి పాడితే ఆ పాట మరింత నిజమవుతుందా? అవుతుందని అనటానికి మన దగ్గర వున్న ఆధారమేమిటి?

ఈ ప్రశ్న గాలిలో పుట్టలేదు. కిందటేడు తార్నాకలో, మెట్రో స్టేషనుకు కూతవేటు దూరంలో వున్న ఒక చిన్న హాల్లో, కొందరు విద్యార్థులూ అధ్యాపకులూ కలిసి ఒక పాటల సాయంత్రం ఏర్పాటు చేశారు. పాడినవాడు డెబ్బై దాటిన మనిషి. ముప్ఫై ఏళ్ళకు పైగా ఒక బృందంలో పాడి, వూరూరా తిరిగి, జైలుకు పోయి వచ్చినవాడు. పేరు చెప్పటం ఆయనకు ఇష్టముండదు గనక చెప్పను. డప్పు లేదు, మైకు లేదు, కోరస్ లేదు, మనిషీ పాటా మాత్రమే అని నిర్వాహకులు కరపత్రంలోనే వేశారు. అరవైమందికి మించని సభ. ఆయన తనకోసం వేసిన కుర్చీని పక్కకు జరిపి, గోడ దగ్గర నిలబడి గంటన్నర పాడాడు. బయట పైన రైలు పోయినప్పుడల్లా ఆగేవాడు. అది దాటాక, ఆపిన చోటనే మళ్ళీ ఎత్తుకునేవాడు. సభ ముగిసి మెట్లు దిగుతుంటే ఒక ఎం.ఎ. విద్యార్థి నాతో అన్నాడు: "సార్, ఇన్నాళ్ళూ డప్పుల మోతలో ఈ పాటలు వినపడనేలేదు. ఇవ్వాళ అసలు పాట విన్నాం." చుట్టూ వున్నవాళ్ళు అవునన్నారు.

"అసలు పాట." ఈ మాట దగ్గరే ఆగాలి. తెలుగులో అసలు అంటే నిజమైనదని ఒక అర్థం, వడ్డీ కలపని అప్పు అని ఇంకొక అర్థం. ఆ కుర్రవాడి మాటలో రెండర్థాలూ కలిసివున్నాయి. గొంతు అసలు, డప్పు దాని మీద పెరిగిన వడ్డీ. వంతగాళ్ళు వడ్డీ. వడ్డీ మాఫీ చేస్తే అసలు మిగిలింది. ఈ లెక్క ఎవరు వేశారు?

మొదట పరాయి దేశాల సంగతి చూద్దాం. ఈ అభిరుచి నేడు మన విద్యార్థులకు అటునుంచే ఎక్కువగా వస్తున్నది. 1965 జూలై 25న అమెరికాలోని న్యూపోర్టు జానపద సంగీతోత్సవంలో బాబ్ డిలన్ కరెంటు గిటారు పట్టుకుని, బ్యాండు వెంటబెట్టుకుని వేదికెక్కినప్పుడు సభలో కొందరు గోల చేశారు. చెక్క గిటారు ప్రజలది, కరెంటు గిటారు మార్కెట్టుది అని వాళ్ళ భావన. ఆ భావనకు కొంత ఆధారం వుంది కూడాను. రాక్ సంగీతం కోట్ల డాలర్ల పరిశ్రమగా మారింది. తెల్లవాళ్ళ సంస్థలు నల్లవాళ్ళ పాటల మీద అపారంగా గడించాయి. కాబట్టి ఒక రాక్ గాయకుడు ఆ యంత్రాంగాన్నంతా పక్కకు నెట్టి ఒక్క గిటారుతో కూర్చోవటం అక్కడ ఒక విధమైన నిరాకరణే. బ్రూస్ స్ప్రింగ్‌స్టీన్ 1982లో "నెబ్రాస్కా" అనే రికార్డు తెచ్చాడు. ఆ పాటలను బ్యాండుతో పాడించాలని ముందుగా ఇంట్లో మామూలు క్యాసెట్ యంత్రం మీద నమూనాగా రికార్డు చేసుకున్నాడు. బ్యాండుతో ప్రయత్నించి, అది కుదరలేదని చివరికి ఇంట్లో చేసిన క్యాసెట్టునే విడుదల చేశాడు. రీగన్ పాలనలో దిక్కులేనివాళ్ళయిన మనుషుల కథలవి. ఆ మనుషుల వెనక ఏ బ్యాండూ లేదు గనక పాట వెనకా లేకపోవటం న్యాయంగానే వుంది. రూపానికీ వస్తువుకూ అక్కడ పొత్తు కుదిరింది.

కాని తర్వాత జరిగిందేమిటి? 1989లో అమెరికా టెలివిజన్ సంస్థ ఎం.టి.వి. "అన్‌ప్లగ్డ్" అనే కార్యక్రమం మొదలుపెట్టింది. ప్లగ్గు పీకేసిన సంగీతమని ఆ పేరుకు అర్థం. 1992లో ఎరిక్ క్లాప్టన్ ఆ కార్యక్రమంలో పాడిన పాటల రికార్డు రెండు కోట్లకు పైగా అమ్ముడుపోయింది. ప్లగ్గు పీకటం కూడా సరుకే అయింది. ఆ స్ప్రింగ్‌స్టీనే 2017 అక్టోబరు నుంచి 2018 డిసెంబరు దాకా న్యూయార్కులో వెయ్యికి లోపు కుర్చీలున్న నాటకశాలలో గిటారుతో, పియానోతో దాదాపు ఒంటరిగా పాడాడు. ఫ్యాక్టరీ కార్మికుల జీవితాలు పాటలుగా పాడినవాడి ఆ కచేరీకి టిక్కెట్టు ఖరీదు 850 డాలర్ల దాకా పోయింది. ఇది ఆయన మీద నింద కాదు, ఆయన గొప్ప గాయకుడే. నేను చెప్పేదేమంటే, వాద్యాలు తగ్గినకొద్దీ మార్కెట్టు దూరమవుతుందనేది అబద్ధమని అక్కడే రుజువైపోయింది. తక్కువమంది, దగ్గరగా, ప్రత్యేకంగా వినటమనేది అత్యంత ఖరీదైన సరుకు. ధనికులు ఆ మాటకొస్తే రాజుల కాలం నుంచీ అట్లాగే వింటున్నారు.

నిరాడంబర కళను సమర్థించేవాళ్ళు తరుచు టాల్‌స్టాయిని తెస్తారు. "కళ అంటే ఏమిటి?" అనే గ్రంథంలో ఆయన ఒక సంగతి చెప్పాడు. పెళ్ళయిన కూతురు ఇంటికి వస్తే రైతు స్త్రీలు పాటలు పాడి స్వాగతం చెప్పారట. అదే రోజు సాయంత్రం ఒక విద్వాంసుడు బీథోవెన్ సొనాటా వాయించాడట. రైతు స్త్రీల పాటే నిజమైన కళ, ఆ సొనాటా కాదని టాల్‌స్టాయి తీర్పు. ఆ తీర్పుతో మనం ఏకీభవించాలా వద్దా అన్నది వేరే చర్చ. బీథోవెన్‌ను అంత తేలిగ్గా కొట్టెయ్యటం నాకు సమ్మతం కాదు. కాని మన మిత్రులు ఒక వివరం గమనించరు. ఆ స్త్రీలు ఒంటి గొంతుతో మెల్లగా పాడలేదు. పెద్ద గుంపుగా, కేకలు పెడుతూ, కొడవళ్ళు మోగిస్తూ పాడారు. టాల్‌స్టాయి ఎన్నుకున్న సరళమైన పాటలో చప్పుడుంది, గుంపుంది, ఇనుముంది. ఆ సాయంత్రం వాళ్ళ ఇంట్లో ఒంటరిగా కూర్చుని వాయించినవాడు బీథోవెన్ పక్షాన వున్నవాడే!

ఇక మన సంగతి. ఒంటి గొంతు మీద గౌరవం మనకు విదేశాల నుంచి మాత్రమే వచ్చిందంటే పొరపాటు. మన పల్లెల్లో బైరాగి వున్నాడు. ఒక్క తీగ తంబుర మీటుకుంటూ, రాత్రిపూట వీధి అరుగు మీద కూర్చుని వీరబ్రహ్మం తత్వాలు పాడినవాడు. ఇల్లు లేదు, ఆలి లేదు, గొడ్డూ గోదా లేదు. ఒంటిమీద వున్నదే ఆస్తి. అట్లాంటివాడికి అబద్ధమాడే అవసరం లేదని మన జనం నమ్మారు. ఆ నమ్మకం న్యాయమైందే. తత్వాలు పాడినవాళ్ళలో కులాన్ని కాలితో తన్నినవాళ్ళు వున్నారు. కాని బైరాగి పాట వస్తువేమిటి? బంధాలు తెంపుకోవటం. ఆ వస్తువుకు ఒక్క తీగ, ఒక్క గొంతు సరిపోతాయి. అక్కడా రూపమూ వస్తువూ కలిశాయి. బంధాలు కలుపుకోవటమే వస్తువైన పాటకు ఆ రూపాన్ని తగిలిస్తే ఏమవుతుంది? సంఘం పెట్టుకొమ్మని చెప్పే పాటను సన్యాసి గొంతుతో వినటం మనకు ఎందుకంత హాయిగా వున్నది? ఆస్తి విడిచినవాడు చెప్పిందే సత్యమనే పాత సంస్కారం, మనం మార్క్సును చదివిన తర్వాత కూడా, మన చెవిలో కూర్చుని వుంది. త్యాగాన్ని చూసి మనం పాటకు మార్కులు వేస్తున్నాం.

మన ప్రజల పాట కట్టుబడే వేరు. బుర్రకథ తీసుకోండి. నడుమ కథకుడు తంబురతో, ఇరుపక్కలా గుమ్మెటలతో ఇద్దరు. ఒకడు హాస్యం చెప్తాడు, ఇంకొకడు రాజకీయం చెప్తాడు. కథకుడు ఒక చరణం అనగానే వాళ్ళు వంత అందుకుంటారు. ఆ ఇద్దరూ అలంకారానికి లేరు. హాస్యగాడు కథకుణ్ణి ఆపుతాడు, ఎదురడుగుతాడు, అర్థం కాలేదంటాడు. సభలో వున్న కూలివాడు అడగవలసిన ప్రశ్న వాడు అడుగుతాడు. 1943లో ఏర్పడ్డ ప్రజానాట్యమండలి బుర్రకథను చేపట్టింది. షేక్ నాజర్ దాన్ని జనం మధ్యకు తెచ్చాడు. మద్రాసు ప్రభుత్వమూ నిజాం ప్రభుత్వమూ దాన్ని నిషేధించాయి. నాజర్ మహాగాయకుడు, కాదనటం లేదు. కాని సర్కారు భయపడింది ఆయన గొంతులోని మాధుర్యానికి కాదు. వేదిక మీద ముగ్గురు మాట్లాడుకుంటే కింద వేలమంది మాట్లాడుకోవటం మొదలుపెడతారు, దానికి భయపడింది. ఇద్దరు వంతగాళ్ళను దించేసి నాజర్‌ను ఒక్కడినే నిలబెడితే బుర్రకథ శుద్ధి అవుతుందా? హరికథ అవుతుంది, అదీ సగమే.

1972లో ఏర్పడ్డ జననాట్యమండలి ఈ కట్టుబడినే ఇంకా ముందుకు తీసుకుపోయింది. తూప్రాన్‌లో 1949లో పుట్టి, ఉస్మానియాలో ఇంజినీరింగు చదివి, బ్యాంకులో గుమాస్తా ఉద్యోగం వదులుకుని పాటకు అంకితమైన గుమ్మడి విఠల్ గదర్ పార్టీ పేరునే తన పేరు చేసుకుని గద్దర్ అయ్యాడు. గోచీ బిగించిన పంచె, భుజాన గొంగడి, కాళ్ళకు గజ్జెలు, చేతిలో కర్ర. ఆయన ఒంటిమీద చొక్కా లేదు గనక అదే నిరాడంబరత అనుకునేవాళ్ళున్నారు. అది శుద్ధ పొరపాటు. ఇంజినీరింగు చదివిన మనిషి కావాలని ఎన్నుకున్న వేషమది. గొంగడి గొల్లకురుమలది, గజ్జెలు వీధి భాగవతులవి. తాను ఎవరి పక్షాన నిలబడదలచుకున్నాడో వాళ్ళ వస్తువులను ఒంటిమీద వేసుకున్నాడు. బట్టలు తక్కువైనంత మాత్రాన వేషం తక్కువ కాలేదు. ఆ వేషం అబద్ధమూ కాలేదు. నాకు ఇక్కడ కావలసింది ఇదే: ఎక్కువా తక్కువా అనే కొలబద్దతో కళలో నిజాన్ని కొలవలేము.

1990 ఫిబ్రవరిలో, అజ్ఞాతవాసం నుంచి బయటకు వచ్చాక, నిజాం కాలేజీ మైదానంలో ఆయన పాటకు జనసముద్రం కదిలివచ్చింది. ఆ సభ చూసే వయసు నాకు లేదు. నేను విన్నది 2009 డిసెంబరు తర్వాతి రోజుల్లో, ఉస్మానియా క్యాంపస్‌లో. అప్పటికి ఆయన అరవై దాటాడు. 1997 ఏప్రిల్ 6న ఇంటి దగ్గర జరిగిన కాల్పుల్లో దిగిన తూటాల్లో ఒకటి ఒంట్లోనే వుండిపోయింది. వెనక పాత బృందం లేదు. అయినా ఆయన ఒంటరిగా పాడాడని నేను అనలేను. ఎందుకంటే సగం చరణం పాడి ఆగి, కర్ర జనం వైపు చాచేవాడు. మిగతా సగం జనం పాడవలసిందే. పాడకపోతే మళ్ళీ మొదటికి వచ్చేవాడు. ఎదటివాడు అందుకోనంతవరకు పాట ముందుకు నడిచేది కాదు. దాన్ని పదిమంది చేసే అల్లరిగా చూసిన అధ్యాపకులూ వున్నారు, అది వాళ్ళ రుచి. నాకు మాత్రం అక్కడ ఒక నియమం కనిపించింది. పాట పాడేవాడి సొంతం కాదని చెప్పటానికి ఆ కర్ర కంటే స్పష్టమైన సిద్ధాంతం నేను ఏ పుస్తకంలోనూ చదవలేదు.

డప్పు గురించి వేరుగా చెప్పాలి. డప్పుల మోత అని మన విద్యార్థి అన్నది తెలిసి అన్న మాట కాదు. కాని తెలియక అన్న మాటల్లోనే సంస్కారం దాగివుంటుంది. డప్పు ఎట్లా తయారవుతుంది? చచ్చిన గొడ్డును మోసి, తోలు వలిచి, సున్నంలో నానబెట్టి, వెంట్రుక తీసి, చెక్క చట్రానికి బిగించి కట్టినది డప్పు. వానాకాలం తోలు మెత్తబడితే మోగదు. ఆటకు ముందు గడ్డి మంట వేసి కాచుకోవాలి. ఒక చేతిలో సిర్ర, ఇంకొక చేతిలో సిటికెన పుల్ల. ఇది మాదిగల వాద్యం. ఊరి చావుకు కొట్టాలి, ఊరి జాతరకు కొట్టాలి, దొర చాటింపుకు కొట్టాలి. తరతరాలుగా అది వెట్టి. ఆ చప్పుడు లేకుండా వూళ్ళో ఏదీ జరగదు, ఆ చప్పుడు చేసినవాడు మాత్రం వూళ్ళో వుండకూడదు. ఉద్యమం ఆ వాద్యాన్ని సభ నడుమకు తెచ్చింది. 1994 జూలైలో ప్రకాశం జిల్లా ఈదుమూడిలో మొదలైన మాదిగ దండోరా దాన్నే జెండాగా పట్టుకుంది. 2002 నుంచి తెలంగాణ ధూంధాంలలో అది ముందు నడిచింది. ఇంత చరిత్ర వున్నదాన్ని మనం "మోత" అని, అది లేనప్పుడు "అసలు పాట" దొరికిందని అంటున్నాం. అమెరికా గాయకుడు కరెంటు గిటారును పక్కనపెడితే ఒక కంపెనీ పరికరం పక్కకు పోతుంది. మనం డప్పును పక్కనపెడితే పక్కకు పోయేది ఎవరు? పదం ఒకటే అయినా రెండు పనుల అర్థం ఒకటి కాదు. పరాయి దేశపు రూపాన్ని దాని చరిత్ర లేకుండా దిగుమతి చేసుకుంటే వచ్చే చిక్కిది.

ఇక్కడ తార్నాక గురించి ఒక ముచ్చట చెప్పకుండా వుండలేను. ఈ చుట్టుపక్కల తోటకు తీగల కంచె, దానికొక నాకా వుండేవనీ, తార్ నాకా అన్న పేరు అట్లా వచ్చిందనీ చెప్తారు. విశ్వవిద్యాలయం వెలసిన అడిక్‌మెట్ భూములు ఒకప్పుడు మహలఖా బాయి చందా జాగీరని చరిత్ర. ఆమె పద్దెనిమిదో శతాబ్ది చివరి కాలపు ఉర్దూ కవయిత్రి, గాయని. కొలువు పాటకు జాగీరు దక్కింది, సంతోషమే, అందునా ఒక స్త్రీకి. ఆమె పాడుతుంటే తబలా వాయించినవాడి పేరు ఎవరికైనా తెలుసా? పాటను ఒక్కరి పేర పట్టా చేయించటం మనకు కొత్త కాదు.

ఇక అన్నిటికంటె గట్టి ప్రశ్న. తార్నాక హాల్లో పాడిన పెద్దాయన ఒంటరిగా ఎందుకు పాడాడు? రాక్ గాయకుడు తన బ్యాండుకు సెలవిచ్చి వస్తాడు. మరునాడు కావాలంటే బ్యాండు వస్తుంది. ఈయన బృందం సెలవు మీద పోలేదు. ఆ రోజు పాటల మధ్య ఆయనే చెప్పాడు. ఇద్దరు ఎన్‌కౌంటర్లలో పోయారు. ఒకాయన పక్షవాతంతో మంచం పట్టాడు. ఇద్దరు చదువుకున్న కుర్రాళ్ళు 2014 తర్వాత తెలంగాణ ప్రభుత్వం సాంస్కృతిక సారథి పేరుతో వందలమంది కళాకారులను జీతాల మీద తీసుకున్నప్పుడు అందులో చేరారు. "తప్పేమున్నది, పిల్లలున్నోళ్ళు" అన్నాడు. డప్పు కొట్టినాయన పెళ్ళి బ్యాండులో వాయిస్తున్నాడట. కరపత్రంలో "డప్పు లేదు, కోరస్ లేదు" అని మనం ఒక ఆకర్షణగా వేసిన వాక్యం ఆయన జీవితంలో ఒక నష్టాల పట్టీ. చచ్చినవాళ్ళూ, మంచాన పడ్డవాళ్ళూ, జీతానికి పోయినవాళ్ళూ లేకపోవటం వల్ల ఏర్పడిన నిశ్శబ్దాన్ని మనం శిల్పమనుకుని ఆస్వాదించాం. ఒక ఉద్యమం ఓడిపోయిన తీరు మన చెవికి ఇంపుగా వినిపించింది. ఇందులో నైతికంగా తప్పేమీ లేదా?

వున్నదని నా అభిప్రాయం. కాని దీనికి ఒక బలమైన ఆక్షేపణ వుంది. దాన్ని దాటవేయటం న్యాయం కాదు. తత్వశాస్త్రం చెప్పే మా మిత్రుడొకాయన ఇట్లా వాదించాడు: "గుంపుగా పాడినప్పుడు మాటకు బాధ్యుడెవరు? ఎవరూ కారు. పదిమంది గొంతులో పడితే ఎంత ఘోరమైన మాటయినా తేలికైపోతుంది. ఒంటరిగా నిలబడ్డప్పుడే మనిషి తన ప్రతి మాటకూ జవాబు చెప్పుకోవాలి. అందుకే ఒంటి గొంతు నిజాయితీకి దగ్గర." ఇది కొట్టిపారెయ్యదగ్గ వాదన కాదు. ఆ సాయంత్రమే దానికి సాక్ష్యం కూడా దొరికింది. ఒక వూళ్ళో దొరను ప్రజాకోర్టు శిక్షించిన సంఘటన మీద కట్టిన పాట ఒకటి ఆయన ఎత్తుకున్నాడు. బృందంతో పాడిన రోజుల్లో దానికి చిందు వుండేది, ఈలలు వుండేవి. మూడో చరణం దగ్గర ఆయన ఆగిపోయాడు. రైలేమీ పోవటం లేదు. కాసేపు నిలబడి, "ఇది ఇప్పుడు పాడుడు కష్టమైతున్నది" అని, ఆ చరణం విడిచిపెట్టి చివరికి పోయాడు. హాలంతా నిశ్శబ్దం. డప్పు వుంటే ఆయన ఆగేవాడు కాదు, అడుగుదెబ్బ ఆయనను తోసుకుపోయేది. అంటే గుంపు దాచిపెట్టిన ఒక ప్రశ్నను ఒంటరితనం బయటపెట్టింది. మా మిత్రుడు గెలిచినట్టేనా?

సగం గెలిచాడు. గుంపు మనిషికి మత్తు ఎక్కించగలదని మన ఉద్యమాల చరిత్రే చెప్తుంది. ఈ పత్రిక పాఠకులకు అది చేదుగా వుండవచ్చు గాని కాదనలేరు. కాని మిగతా సగం చూడండి. ఆ మూడో చరణానికి ఆయన ఎవరికి జవాబు చెప్పుకోవాలి? ఆ వూరి మనుషులకు, తనతో ఆ పాట పాడినవాళ్ళకు, ఆ దొర ఇంటివాళ్ళకు కూడా అనండి. వాళ్ళెవరూ ఆ హాల్లో లేరు. వున్నది మనం. ఆయన తడబాటును మనం విని, చలించి, "ఎంత నిజాయితీ!" అనుకుని ఇంటికి పోయాం. నిలదీసే హక్కుగాని, క్షమించే హక్కుగాని లేనివాళ్ళ ముందు ఒక మనిషి తనను తాను విప్పుకుంటే దాన్ని జవాబుదారీ అనలేము. ఆ చరణం గురించి ఆయన పక్షవాతం వచ్చిన తన వంతగాడి మంచం పక్కన కూర్చుని మాట్లాడితే అది జవాబుదారీ. బహుశా మాట్లాడే వుంటాడు, మనకు తెలియదు. బాధ్యత వ్యక్తిదే, ఒప్పుకుంటాను. కాని బాధ్యత ఎప్పుడూ ఇంకొకరి ఎదట వుంటుంది. ఆ ఇంకొకరిని తీసేసి మిగిలిన ఒంటరి మనిషిని నిజాయితీపరుడని పిలవటం నైతిక తీర్పు కాదు, మన కంటికి నచ్చిన దృశ్యం.

గద్దర్ జీవితంలోనూ ఇదే చిక్కు వచ్చింది. బృందం నుంచి, పార్టీ నుంచి విడివడ్డాక ఆయన 2018లో మొదటిసారి ఓటు వేశాడు. 2023లో సొంత పార్టీ ప్రకటించాడు. ఆ ఆగస్టు 6న కన్నుమూశాడు. ఆ చివరి సంవత్సరాల మీద మనలో కొందరికి కోపముంది, కొందరికి జాలి వుంది. తప్పొప్పులు నేనిక్కడ తేల్చను. తేల్చటానికి ఎవరి ఎదట తేల్చాలన్నదే నా ప్రశ్న. ఆయన మారినప్పుడు ఆయనతో వాదులాడటానికి, పాట మధ్యలో ఆపి "ఇదేంది అన్నా" అని అడగటానికి పక్కన హాస్యగాడు లేడు. ఇప్పుడు ప్రభుత్వం తన సినిమా అవార్డులకు ఆయన పేరు పెట్టింది. 2025 జూన్‌లో మొదటిసారి ఇచ్చారు. ఒక్క మనిషిని, ఒక్క పేరును సర్కారు సన్మానించగలదు. వంతను సన్మానించాలంటే వాళ్ళ పేర్లు కావాలి, ఊళ్ళు కావాలి, ఇంకా పెండింగులో వున్న కేసుల పట్టీ కూడా బయటికి తియ్యాల్సివస్తుంది.

కాబట్టి ఒంటి గొంతు కచేరీలు పెట్టొద్దంటున్నానా? అనటం లేదు. ఆ సాయంత్రం నాకు ముట్టినవి తక్కువేమీ కావు. ముసలి గొంతు ఎక్కడ చీలుతుందో విన్నాను. మాటకూ మాటకూ మధ్య ఆయన ఊపిరి తీసుకోవటం విన్నాను. అన్నిటికంటె ముఖ్యం, వంత రావలసిన చోట ఆయన అలవాటుగా క్షణం ఆగటం. ముప్ఫై ఏళ్ళుగా ఆ క్షణాన్ని ఎవరో నింపారు. ఆ ఖాళీ వున్నట్టు చూపించింది ఒంటి గొంతే. దాని విలువ అక్కడుంది. కాని ఖాళీని ఖాళీగా వినాలి, అందంగా వినకూడదు. ఆ రోజు హాల్లో అరవైమందిమి వున్నాం. చాలామందికి ఆ పాటలు నోటికి వచ్చు. ఆయన ఆగిన ప్రతిసారీ మేము గౌరవంగా వూరుకున్నాం. ఒక్కరు కూడా అందుకోలేదు. అందుకుంటే పాట చెడిపోతుందని అనుకున్నాం కాబోలు. ఆయన ఏమనుకున్నాడో గాని, నాలుగో పాట నుంచి ఆగటం మానేశాడు.

తెలుగు చెప్పేవాళ్ళం మనం ఇంకొక సంగతి ఆలోచించాలి. ఉద్యమ పాట పాఠ్యపుస్తకంలో అచ్చయ్యేసరికి ఏమవుతున్నది? పైన ఒక పేరు, కింద పుట్టిన తేదీ, నాలుగు చరణాలు. వంత మాటలు ఒకటి రెండు చోట్ల కుండలీకరణాల్లో మిగులుతాయి, చాలాచోట్ల అవీ వుండవు. అర్థతాత్పర్యాలు చెప్పటానికి అడ్డమని తీసేస్తారు. డప్పు దరువు రాసే లిపి మన దగ్గర ఎట్లాగూ లేదు. అట్లా అచ్చయిన పాటను చదివి పరీక్ష రాసిన విద్యార్థి, డప్పు లేని సాయంత్రం "అసలు పాట" విన్నానని అనటంలో ఆశ్చర్యమేముంది? అతనికి పాట అంటే మేము మొదటినుంచీ చూపించింది అదే. ఈ సంవత్సరం క్లాసులో ఒక పాట ఇచ్చి, ఇది ఎంతమంది పాడవలసిన పాటో, ఎక్కడెక్కడ ఎవరు అందుకోవాలో గుర్తుపెట్టి తెమ్మన్నాను. చాలామంది మొదటి పంక్తి కింద గీత గీసి "పల్లవి" అని రాసుకొచ్చారు. తాత డప్పు వాయించేవాడని చెప్పే ఒక అమ్మాయి మాత్రం పుస్తకం తెరవకుండానే, "సార్, ఈ పాట ఇద్దరితోని నడవదు, నలుగురన్నా వుండాలె" అంది. ఎట్లా చెప్పగలవని అడిగాను. బల్ల మీద రెండు చేతులతో దరువు వేసి చూపించటం మొదలుపెట్టింది. పక్క క్లాసు లెక్చరరు వచ్చి తలుపు దగ్గర నిలబడ్డాడు. ఆ అమ్మాయి దరువు ఆపలేదు.